డబ్బాకెక్కితే డాలరు, దండెమెక్కితే పాపమా?

మా బడి స్టాఫ్‌రూమ్‌ల జరిగిన ముచ్చటతోనే మొదలుపెడత. ఒకరోజు మా తోటి సారు ఒకాయన పేపరు చదువుకుంట, "చూసిన్రా సార్, మన దేశం నుంచి మాంసం ఎగుమతి వేల కోట్లు దాటిందట. డాలర్లే డాలర్లు" అని మురిసిపోయిండు. నేను ఆయన మొహం దిక్కు చూసిన. సరిగ్గా ఏడాది కింద అదే గదిల, అదే కుర్చీల కూసోని ముక్కు మూసుకున్నది కూడా ఆయనే. ఆనాడు ఏడో తరగతి పిలగాడొకడు వరండాల కూసోని ఇంటి నుంచి తెచ్చుకున్న గిన్నె మూత తీసిండు. పుంటికూరల వండిన ఎండు తునకలు. వాసన లోపలికొచ్చింది. "ఇది బడా, కబేళానా?" అని ఆయన లేచి నిలబడ్డడు.

అప్పుడు నేనేం చేసిన్నో కూడా చెప్పాలె. పిలగాన్ని తీసుకపోయి యాపచెట్టు కింద కూసోబెట్టి, "రేపటి సంది ఇది తేకు బిడ్డా" అన్న. వాడు "సరే సార్" అన్నడు. వాడు తింటున్నది మా అవ్వ వండిన కూరే. ఆ కూర తినే నేను డిగ్రీ చదివిన, బీయెడ్ చేసిన, సారునైన. హాస్టల్ల చదివిన రోజుల్ల డబ్బా దాచుకొని తిన్నోన్ని, సారైనంక పిలగాన్ని దాచుకొమ్మన్న. ఈ వ్యాసం రాయడానికి అసలు కారణం ఆ సిగ్గే. పేపరు చదివిన సారు మీద కోపం తర్వాతి సంగతి.

ముందు దండెం ముచ్చట చెప్పుకుందాం. పట్నంల పెరిగిన మన పిల్లలకు కూడా ఇది తెల్వకుండ పోతున్నది. ఊర్లె గొడ్డు కోసిననాడు వాడకట్టు అంతా కుప్పలు పెట్టుకొని పంచుకునేది. బోటి, కార్జం, నల్ల ఆనాడే వండుకునేటియి. నిల్వ ఉండనియి ముందు తినాలె, ఉండేటియి దాచాలె. మెత్తటి కండను మా అవ్వ కత్తిపీట మీద సన్నగ, పొడుగ్గ, తెగకుండ సాగదీసుకుంట కోసేది. ఉప్పు, పసుపు పట్టించి దండెం మీద ఆరేసేది. కాకులకు, కుక్కలకు కాపలా నేను. మూడు నాలుగు ఎండలకు కట్టెలెక్క అయితయి. కుండల పెట్టి మూతికి గుడ్డ కడితే వానకాలం దాక ఉండేటియి. పని దొరకని రోజు, ఇంట్ల కూరగాయ లేని రోజు నాలుగు తునకలు నిప్పుల మీద కాల్చి దంచితే ఇంటిల్లిపాదికి గటక దిగేది. ఫ్రిజ్ లేదు, కరెంటు లేదు. దీన్ని చదువుకున్నోళ్లు మాంసం నిల్వ శాస్త్రం అంటరు. మా అవ్వకు సంతకం రాదు.

ప్రపంచ మార్కెట్ల నిల్వ మాంసం అని అమ్ముతున్నదానికీ దీనికీ సూత్రం ఒక్కటే. పుచ్చిపోవద్దంటే తడి తీయాలె, లేకుంటే ఉప్పు పట్టించాలె, లేకుంటే గడ్డకట్టించాలె, లేకుంటే గాలి తగలకుండ మూసి ఉడికించాలె. తెల్లోళ్ల దుకాణాలల్ల ‘కార్న్‌డ్ బీఫ్’ అని డబ్బా దొరుకుతది. కార్న్ అంటే మక్కజొన్న అనుకునేరు. గింజలంత ఉన్న ఉప్పు కల్లుతోటి ఊరబెట్టేది కాబట్టి ఆ పేరొచ్చింది. అంటే ఉప్పు తునకలే! ఆ మాంసం ఎర్రగ ఉండడానికి పెట్లుప్పు కలిపేది. బ్రిటన్‌కు ఆ కాలంల పెట్లుప్పు ఎక్కువగ బీహార్ నుంచే పోయేది. బీహార్‌ల మట్టి గీకి, వడగట్టి, కాచి దాన్ని తీసింది నోనియా కులపోళ్లు. తవ్విన కొద్దీ అన్నిట్ల మనసొంటోళ్ల చెమటే కనపడతది.

ఇగ ఆ సారు మురిసిన డాలర్ల సంగతికొద్దాం. నేను లెక్కల సారును, లెక్క చెప్పకుంటే నిద్రపట్టదు.

మన దేశం నుంచి ఆవు, ఎద్దు, దూడ మాంసం ఎగుమతి చేయొద్దని నిషేధం ఉన్నది. బయటి నుంచి గొడ్డుమాంసం ఏ రూపంల కూడా దిగుమతి కావొద్దని ఇంకో నిషేధం ఉన్నది. పోయేదంతా బర్రె, దున్న మాంసం. అది కూడా ఎముక తీసి, గడ్డకట్టించి, అట్టపెట్టెల పేర్చి, సున్నాకు 18 డిగ్రీల కింద చల్లదనంల కంటైనర్ ఎక్కించాలె. 2014-15ల ఇట్ల పోయింది సుమారు 14 లక్షల 75 వేల టన్నులు. వచ్చింది 29 వేల 282 కోట్ల రూపాయలు. ఆ ఏడు బాస్మతి బియ్యం ఎగుమతి కంటే ఎక్కువ. 2014 ఎన్నికల సభలల్ల నరేంద్ర మోడీ గారు ‘గులాబీ విప్లవం’ అని మాంసం ఎగుమతుల మీద విరుచుకపడ్డరు. గెలిచి గద్దెనెక్కిన మొదటి ఆర్థిక సంవత్సరంలనే ఈ లెక్క! సభల చెప్పేది ఒకటి, రేవుల జరిగేది ఇంకొకటి.

ఇప్పుడు దీన్ని బోర్డు మీద కిలోల్లోకి మార్చుదాం. 2014-15ల కిలోకు సగటున పడ్డది సుమారు 198 రూపాయలు, డాలర్లల్ల 3 డాలర్ల 24 సెంట్లు. 2022-23ల పోయింది సుమారు 11 లక్షల 76 వేల టన్నులు, వచ్చింది 25 వేల 648 కోట్లు. కిలోకు 218 రూపాయలు. డాలర్లల్ల ఎంతనుకున్నరు? 2 డాలర్ల 72 సెంట్లు.

మళ్లొకసారి చూడండి. ఎనిమిదేండ్లల్ల రూపాయల లెక్కన 20 రూపాయలు పెరిగింది. డాలర్ల లెక్కన అర డాలరు తగ్గింది. అంటే కొనే దేశానికి మన సరుకు అగ్గువైంది. రూపాయి విలువ పడిపోవడం వల్ల మనకు పెరిగినట్టు కనపడుతున్నది. ఎనిమిదేండ్లల్ల దాణా ఎంత పెరిగింది? డీజిల్ ఎంత పెరిగింది? పిల్లల ఫీజులు ఎంత పెరిగినయి? కిలోకు ఇరవై రూపాయలంటే అది పెరుగుడా? ‘డాలర్లే డాలర్లు’ అన్న సారుకు ఈ లెక్క చూపిస్తే, "అవునా" అని పేపరు మడిచిండు.

మన మాంసం ఇంత అగ్గువకు ఎట్ల దొరుకుతున్నది? బ్రెజిల్‌ల, ఆస్ట్రేలియాల మాంసం కోసమే పశువులను సాకుతరు. సాకిన ఖర్చంతా మాంసం ధరల పడతది. మన దగ్గర బర్రెను సాకేది పాల కోసం. పొద్దుగాల లేచి గడ్డి కోసుకొచ్చినామె, కుడితి పెట్టినామె, పేడ ఎత్తినామె తన రెక్కల కష్టాన్ని ఏ ఖాతల రాయదు. పదేండ్లు పాలిచ్చి వట్టిపోయినంక ఆ బర్రె అంగడికి పోతది. అంటే మాంసం కంపెనీకి సాకుడు ఖర్చు లేకుండ పశువు దొరుకుతున్నది. ఆ ఖర్చు మన ఇండ్లల్ల ఆడోళ్లు పెట్టిన్రు. ప్రపంచ మార్కెట్ల ‘భారత బర్రె మాంసం చవక’ అంటే అర్థం ఇదే.

కొనేటోళ్లు ఎవరు? మన పశువులకు గాలికుంటు రోగం ఉంటదని అమెరికా, యూరపు, జపాన్ తలుపు తెరవయి. కొనేది మలేషియా, వియత్నాం, ఈజిప్టు, ఇండోనేషియా, ఇరాక్, గల్ఫ్ దేశాలు. పదేండ్ల కింద అందరికంటే పెద్ద గిరాకీ వియత్నాం. వాళ్లే అంత తింటున్నరా అంటే కాదు. చైనా మన మాంసాన్ని నేరుగ రానీయదు. వియత్నాం రేవుల దిగి, సరిహద్దు దాటి చాటుగ చైనాకు పోయేది. చైనా ఆ దొంగదారిని బిగించేసరికి వియత్నాం గిరాకీ పడిపోయింది. అక్కడెక్కడో సరిహద్దుల గేటు మూస్తే మన అంగట్ల బర్రె ధర పడిపోతది. అమ్ముకునే రైతుకు ఎందుకు పడ్డదో చెప్పేటోడు ఉండడు. దళారి చెప్పిందే ధర.

ఇండోనేషియా సంగతి ఇంకా బాగుంటది. అక్కడ గొడ్డుమాంసం ధర కిలో లక్ష రూపాయిలు దాటింది (వాళ్ల రూపాయి వేరు, భయపడకున్రి). జనం గగ్గోలు పెడితే 2016ల వాళ్ల ప్రభుత్వ ఆహార సంస్థ బులోగ్ ద్వారా మన బర్రె మాంసం తెప్పించి, కిలో 80 వేలకు మించి అమ్మొద్దని పెట్టిన్రు. మన లెక్కల సుమారు 400 రూపాయలు. ఇక్కడ రేవుల దాని సగటు 200 చిల్లర. మరి నడుమ మిగిలింది ఓడకు, చల్లగోదాముకు, దిగుమతిదారుకు, దుకాణానికి. బర్రె సాకినామె పేరు ఆ లిస్టుల లేదు. అక్కడ నాలుగు పశువులు పెట్టుకొని బతికే చిన్న రైతులు కూడా మా ధర పడిపోయిందని మొత్తుకున్నరు. వాళ్ల మీద మనకేం పగ? ఇక్కడి బీదోని పశువుతోటి అక్కడి బీదోని పశువును కొట్టించిన్రు.

ఫిలిప్పీన్స్‌ల అయితే మన మాంసం పచ్చిగ బజారుకు రాకుండ కట్టడి పెట్టిన్రు. ఫ్యాక్టరీకి పోయి డబ్బాల ఉడికి ‘కార్న్‌డ్ బీఫ్’ అయ్యి బయటికి రావాలె. అన్నంల కలుపుకొని తినే కూలోళ్ల తిండి అది. మా ఊరి నుంచి గల్ఫ్‌కు పోయిన నా పాత విద్యార్థి ఒకడు, మొన్న సెలవు మీద వచ్చి చెప్పిండు: "సార్, క్యాంపుల మేం వండుకునే మాంసం పెట్టె మీద ‘ప్రొడక్ట్ ఆఫ్ ఇండియా’ అని రాసి ఉంటది. ఇక్కడ మన ఊర్లె తెచ్చుకుంటే లొల్లి, అక్కడ అల్మరల పెట్టి అమ్ముతరు." వాని నాయిన మా వాడకట్టుల తోలు పని చేసినోడు. కొడుకు ఎడారిల ఇటుకలు మోసుకుంట మన దేశపు బర్రె మాంసం కొనుక్కొని తింటున్నడు.

ఇదంత కొత్త కథ కాదు. ఐర్లాండ్ అని ఒక దేశం ఉన్నది. ఇంగ్లండ్ దొరల కింద ఉండేది. మీ దేశపు బతికున్న పశువులు మాకొద్దని 1660లల్ల ఇంగ్లండ్ చట్టం చేసింది. దాంతోటి అక్కడి భూస్వాములు పశువులను కోసి, ఉప్పుల ఊరబెట్టి పీపాలకెక్కించుడు మొదలుపెట్టిన్రు. పద్దెనిమిదో శతాబ్దంల కార్క్ రేవు ప్రపంచానికే ఉప్పు మాంసం అంగడి. మంచిరకం ఇంగ్లండ్ నౌకాదళానికి పోయేది. నాసిరకం కరీబియన్ దీవులల్ల చెరకు తోటల బానిసలకు పోయేది. పశువును మేపిన ఐరిష్ కౌలుదారు ఏం తిన్నడు? ఆలుగడ్డ. పచ్చిక భూమంతా పశువులకు పోతే మిగిలిన చెక్కల ఆలుగడ్డ వేసుకొని బతికిండు. 1845ల ఆలుగడ్డకు తెగులొచ్చింది. కొన్నేండ్లల్ల సుమారు పది లక్షల మంది చచ్చిపోయిన్రు. ఆ ఏండ్లల్ల కూడా తిండి సరుకు ఎక్కిన ఓడలు రేవులు దాటుతనే ఉన్నయి.

ఐర్లాండ్‌ల మాంసం తినడానికి పైస లేక తినలేదు. మన దగ్గర పైస ఉన్నా లేకున్నా కులం అడ్డమొస్తది. తేడా అంతే.

అన్నలారా, అక్కలారా, చట్టం ఏమంటదో కూడా తెలుసుకోవాలె, ఎందుకంటే మనల్ని బెదిరించేది చట్టం పేరు చెప్పే. 1977ల వచ్చిన ఆంధ్రప్రదేశ్ గోవధ నిషేధ, పశు సంరక్షణ చట్టమే రెండు రాష్ట్రాలల్ల నడుస్తున్నది. ఆవును కోయొద్దు, దూడను కోయొద్దు. మిగతా పశువులు సాగుకు, పాలకు, ఈతకు పనికిరావని అధికారి సర్టిఫికెట్ ఇస్తే కోయొచ్చు. ఆ చట్టంల తినడం నేరం అని ఎక్కడా లేదు. ఇంట్ల వండుకోవడం నేరం అని లేదు. ఎండబెట్టుకోవడం నేరం అని లేదు. మరి ఊర్లల్ల ఆటో ఆపి మూట విప్పించే మొనగాళ్లకు ఆ అధికారం ఎవరిచ్చిన్రు?

కంపెనీకి వచ్చేసరికి పద్ధతి మారుతది. కబేళాలను ఆధునికం చేసుకొమ్మని కేంద్ర ఆహార శుద్ధి మంత్రిత్వ శాఖ గ్రాంట్ల పథకమే నడిపింది. అప్పటి మెదక్ జిల్లా రుద్రారంల ఎగుమతి కోసం పెట్టిన అల్-కబీర్ కబేళా మీద ఎన్ని ఊరేగింపులు తీసిన్రో, ఎన్ని కేసులేసిన్రో 1990లల్ల పేపరు చదివినోళ్లకు యాదికుండే ఉంటది. ఆ పంచాయితీ సుప్రీంకోర్టు దాక పోయి 2006ల తీర్పొచ్చింది. కంపెనీకి వకీళ్లుంటరు, కొట్లాడుతది. అంగడి నుంచి రెండు బర్రెలు తోలుకొచ్చే చిన్న వ్యాపారి, ఖసాయి, తోలు తీసే మాదిగ ఎక్కడ కొట్లాడాలె? 2016 జులైల గుజరాత్‌ల ఊనా దగ్గర చచ్చిన ఆవు తోలు తీసిన నలుగురు దళిత యువకులను అంగీలిప్పి, కారుకు కట్టి కొట్టిన్రు. నెల తిరగకముందే మన అమలాపురంల కరెంటు తగిలి చచ్చిన ఆవు తోలు తీస్తున్న దళిత అన్నదమ్ములను చెట్టుకు కట్టి కొట్టిన్రు. తీసుకపొమ్మని పిలిపించింది పశువు యజమానే! చచ్చిన గొడ్డును మోయకుంటే ఊరు ఊకోదు, మోస్తే బతకనీయరు.

2017 మే నెలల కేంద్రం ఇంకో నిబంధన తెచ్చింది. అంగట్ల కోతకు పశువును అమ్మొద్దు, కొనొద్దు అని. అందుల బర్రె కూడా ఉన్నది. కోర్టులు ఆపినయి కాబట్టి సరిపోయింది. ఆపకపోయి ఉంటే? చిన్న రైతు వట్టిపోయిన బర్రెను ఇంట్ల కట్టేసి ఎన్ని రోజులు మేపుతడు? దాన్ని అమ్మితే వచ్చే పైసలే ఇంకో బర్రె కొనడానికి ముడుపు. ఆ సొమ్ము పోతే పాల బర్రె కూడా పోతది. గోరక్షణ అని మొదలుపెట్టి ఆఖరుకు రైతు దొడ్డి ఖాళీ చేస్తరు.

మన లోపల ఒక మాట ఉన్నది, దాన్ని నేను దాటవేయను. "బాబాసాహెబ్ మానుమన్నడు కదా, మళ్లా పెద్దకూర ముచ్చట ఎందుకు సార్?" అని మన సంఘం పిల్లలే అడుగుతున్నరు. అడగాలె. 1927ల మహద్‌ల బాబాసాహెబ్ చెప్పింది చచ్చిన గొడ్డును మోయొద్దు, దాని మాంసం తినొద్దు అని. ఎందుకన్నడు? అది ఊరు మన నెత్తిన పెట్టిన వెట్టి. కూలి లేని పని, దానికి బదులు పారేసిన కళేబరం. ఆ బంధం తెంపమన్నడు. 1948ల అంటరానివాళ్ల మీద రాసిన పుస్తకంల ఆయనే, ఒకప్పుడు బాపనోళ్లు కూడా గోమాంసం తిన్నరని వాళ్ల శాస్త్రాలల్ల నుంచే ఎత్తి చూపించిండు. వాళ్లు మానుకున్నంక చచ్చిన ఆవు మాంసం తినేటోళ్ల మీద అంటరానితనం ముద్ర పడ్డదని వాదించిండు. కాబట్టి ప్రశ్న కూరది కాదు, ఎవరు ఎవరి మీద ముద్ర వేస్తున్నరన్నది. తినేటోడు తింటడు, మానేటోడు మానుతడు. మా ఇంట్ల నా భార్య తినదు, నేను తింట. మానుకున్నంత మాత్రాన బావికాడ ఎవరన్న పక్కకు జరిగి మనకు చోటిచ్చిన్రా?

దేశంల గొడ్డు, బర్రె మాంసం తినేటోళ్లు సుమారు 8 కోట్ల మంది అని 2011-12 జాతీయ నమూనా సర్వేల తేలింది. అందుల కోటి మందికి పైన హిందువులని రాసుకున్నోళ్లే. అడిగితే భయానికి చెప్పనోళ్లు ఇంకెందరో. 2012 ఏప్రిల్‌ల ఉస్మానియాల మన పిల్లలు పెద్దకూర పండుగ చేస్తే రాళ్లు రువ్విన్రు, బండ్లు తగలబెట్టిన్రు. ఎగుమతి కంటైనర్లు మాత్రం ఆనాడూ రేవుకు పోతనే ఉన్నయి.

ఇంతకీ మనం ఏం చేయాలె? ఎగుమతి బంద్ చేయమని నేను అనను. అది బంద్ అయితే ముందు మునిగేది బర్రె అమ్ముకునే బక్క రైతే. కానీ ప్రతి మండలంల శుభ్రమైన కోత జాగ, నీళ్లు, పశువుల డాక్టరు ఉండాలె. అది స్థానిక సంస్థల బాధ్యత. పట్నంల ఎగుమతికి డాక్టరు దొరుకుతడు, ఊర్లె మనం తినే మాంసానికి దొరకడు. సర్టిఫికెట్ కోసం తిప్పించుకోవద్దు. రోడ్డు మీద బండి ఆపేది పోలీసో కాదో అడిగి, కాకుంటే కేసు పెట్టాలె. తోలు ధర, ఎముకల ధర మన సంఘాల చేతికి రావాలె. బడిల పిలగాడు ఏం తెచ్చుకున్నా అందరి నడుమ కూసోని తినాలె. ఈ చివరిది నా బడిల నేనే మొదలుపెట్టిన. ఆ పిలగాన్ని పిలిచి, "ఆనాడు నేను తప్పు చెప్పిన బిడ్డా" అన్న. వాడు తల గోక్కొని, "ఇప్పుడు మా ఇంట్ల వండుతలేరు సార్, కిలో ధర బాగ పెరిగింది" అన్నడు.

అందుకే ఒక పని అప్పజెప్తున్న. మీ దగ్గరి అంగడికి ఈ నెలల పోయినప్పుడు నోటుబుక్కు పట్టుకపోన్రి. వట్టిపోయిన బర్రె ఎంతకు పోయింది, దళారి ఎంత తీసుకున్నడు, తోలు ఎంతకు కొన్నరు, మీ ఊర్లె పెద్దకూర కిలో ఎంత, ఎవరన్న బండి ఆపి పైసలు గుంజిన్రా? ఊరు పేరు, తేదీ వేసి పంపున్రి. అమ్మినోళ్ల పేర్లు, కొన్నోళ్ల పేర్లు రాయకున్రి. రేవు ధర పక్కన మన అంగడి ధర పెట్టి వచ్చే సంచికల అచ్చు వేస్తం.